ఐఎఫ్ఎస్ అంటే అడవేనా వదినా?

మిరపకాయల తొడిమెలు తీసే రోజుల్లో మా వీధిలో ఎవరింటి గుట్టూ దాగదు. చేతులకు పని ఉంటుంది, నోటికి ఉండదు. పక్కింటి వదిన పిట్టగోడకు ఆవల పట్టా పరిచి తేజ కాయలు కుప్ప పోసుకుని కూర్చుంటే, ఈవల నేను పూలకుండీలకు నీళ్ళు పోస్తున్నట్టు నటిస్తాను. మా రెండిళ్ళ మగవాళ్ళకు సంక్రాంతి ముందు నుంచీ మాటల్లేవు. వాళ్ళ డాబా మీది నీళ్ళ గొట్టం మా గోడ మొదట్లోకి పడుతోందని మా ఆయన, పడితే ఏమైతదని వాళ్ళాయన. మేం మాత్రం కరివేపాకూ కబుర్లూ గోడ మీదుగా నడిపిస్తూనే ఉన్నాం.

మొన్న మంగళవారం వదినే మొదలుపెట్టింది.

"పంతులమ్మా, మా మనవరాలు హైదరాబాదులో ఏదో ఐఎఫ్ఎస్ రాస్తానంటోంది. ఫారెస్టే గదా అది? ఆడపిల్ల ఆ కిన్నెరసాని అడవుల్లో జీపేసుకుని తిరుగుద్దా?"

ఆమెను అనడానికేం లేదు. మన జిల్లాలో ఎవరిని అడిగినా అదే చెప్తారు. భద్రాచలం తోవలో పెరిగినవాళ్ళకు అడవి అధికారి ఎదురుపడతాడు గానీ, రాయబారి ఎక్కడ ఎదురుపడతాడు? ఆ మూడక్షరాలూ రెండు కొలువులకీ వాడతారు. తికమక పడకుండా అడవిదానికి మధ్యలో చిన్న 'ఓ' ఒకటి చేర్చి రాస్తుంటారంతే. "ఆ పిల్ల చెప్పేది విదేశాంగం వదినా. కలెక్టరు పరీక్షే. ర్యాంకు మంచిదొచ్చి, ఇదే కావాలని రాసుకుంటే ఇందులోకి పంపుతారు. మన దేశం తరఫున వేరే దేశంలో కూర్చుని మాట్లాడే పని."

"రాయబారమా? కృష్ణుడి లాగానా?"

ఎంత తేలిగ్గా పట్టేసిందో! ముప్ఫై ఏళ్ళు సోషల్ చెప్పిన నేను వియన్నా ఒప్పందం అంటూ ఎత్తుకోబోయి నాలుక్కరుచుకున్నాను. తెల్లవార్లూ పద్యనాటకాలు చూసి పెరిగినామెకు వియన్నా దాకా పోవాల్సిన పనేముంది? దుర్యోధనుడు రాయబారిని కట్టెయ్యమన్నాడు చూడూ, అట్లా కట్టెయ్యకూడదని 1961లో దేశాలన్నీ కూర్చుని రాసుకున్నాయని చెప్పాను. రాయబారిని అరెస్టు చెయ్యరు. ఎంబసీలోకి ఆ దేశం పోలీసు పిలవకుండా అడుగుపెట్టడు. వాళ్ళ కాగితాల సంచి విప్పడానికి లేదు. కూడా ఉన్న భార్యాపిల్లలకీ ఆ రక్షణ ఉంటుంది.

"అయితే బాగానే ఉందిగా!" అంది.

"ఉండు. అమెరికాలో పోస్టింగు పడి అక్కడే బిడ్డ పుట్టిందనుకో, ఆ బిడ్డకు అమెరికా పౌరసత్వం రాదు."

వదిన చెయ్యి ఆగిపోయింది. ఆమె తమ్ముడి కోడలు డాలస్‌లో కాన్పయితే, పిల్లాడికి పాస్‌పోర్టు వచ్చిందని వీధంతా లడ్డూలు పంచిన మనిషి. "అదేం అన్యాయం? పుడితే చాలన్నారు గదా!"

"అందరికీ చాలు, రాయబారి బిడ్డకు చాలదు. ఆ దేశం చట్టం వాళ్ళ మీద చెల్లదు గదా, అందుకని ఆ దేశం పౌరసత్వమూ అంటదు."

ఇంతలో సింగరేణి బొగ్గుతో గూడ్సొకటి డోర్నకల్ వైపు నుంచి వచ్చింది. బోనకల్‌లో కాపురముండేవాళ్ళకు అలవాటే. మాట ఎక్కడ ఆగిందో గుర్తుపెట్టుకుని, బళ్ళన్నీ దాటాక అక్కడే అందుకుంటాం.

"మరి ఎన్నేళ్ళుండాలి ఒక్క చోట?"

మూడేళ్ళు, అటూ ఇటూగా. తర్వాత ఇంకో దేశం. మధ్యలో ఢిల్లీ. చేరగానే ఒక పరాయి భాష అంటగడతారు. అరబ్బీయో, చైనీసో, రష్యనో. అది నేర్చుకుని పరీక్ష నెగ్గితేనే ఉద్యోగం ఖాయం. వెంట వెళ్ళిన భార్య గానీ భర్త గానీ అక్కడ ఉద్యోగం చెయ్యాలంటే మన దేశానికీ ఆ దేశానికీ మధ్య ఒప్పందం ఉండాలి. లేకపోతే డాక్టరు చదివినా ఇంట్లో కూర్చోవడమే.

నేను ఇది చెప్తుంటే ఆమె నవ్వింది. "నాకు చెప్తున్నవా? మా ఆయన రైల్వేలో చేరినంక గార్ల, పాపటపల్లి, మోటమర్రి, ఏడు క్వార్టర్లు మారినం. పెట్టెల మీద సుద్దతో నంబర్లేసేదాన్ని. ఆఖరి పెట్టెలో ఉప్పు, పసుపు, అగ్గిపెట్టె, పిల్లల మార్కుల కాగితాలు. దిగంగనే ముందు అది విప్పాలె. పక్కింటామెతో కూర గిన్నె ఇచ్చిపుచ్చుకునేంత చనువయ్యేసరికి మళ్ళీ ఆర్డరొచ్చేది."

మా సార్లెవరూ క్లాసులో ఇంత బాగా చెప్పలేదు.

మనవాళ్ళెవరైనా ఉన్నారా ఈ పనిలో అని అడిగింది. లేకేం? ఐక్యరాజ్యసమితిలో మన దేశం కుర్చీలో 2024 నుంచి కూర్చున్నది పర్వతనేని హరీష్, ఉస్మానియాలో మెకానికల్ ఇంజనీరింగ్ చదివినాయన. కొన్నేళ్ళ ముందు అదే కుర్చీలో ఇంకో హైదరాబాదీ ఉన్నాడు, సయ్యద్ అక్బరుద్దీన్. ఆయన ఇంటి కథ నాకు భలే ఇష్టం. తండ్రి బషీరుద్దీన్ ఉస్మానియాలో జర్నలిజం చెప్పిన ప్రొఫెసరు, తర్వాత ఖతార్‌కు మన రాయబారిగా వెళ్ళాడు. తల్లి అనంతపురంలో సత్యసాయి కాలేజీలో ఇంగ్లీషు పాఠం చెప్పింది. అక్బరుద్దీన్ భార్య పేరు పద్మ, ఇద్దరు కొడుకులు. అక్బరుద్దీన్ 1985లో సర్వీసులో చేరి దేశాలన్నీ తిరిగి 2016లో న్యూయార్కు చేరాడు.

2017లో అంతర్జాతీయ న్యాయస్థానంలో ఒక జడ్జి సీటు కోసం మనకూ ఇంగ్లండుకూ పోటీ పడింది. రౌండ్ల మీద రౌండ్లు ఓట్లు. సర్వసభలో మనది పైచేయి, భద్రతామండలిలో వాళ్ళది. చివరికి ఇంగ్లండువాళ్ళే తప్పుకున్నారు. మన దల్వీర్ భండారీకి 193లో 183 ఓట్లు, మండలిలో 15కి 15. 1946లో ఆ కోర్టు పెట్టినప్పటి నుంచీ బ్రిటిష్ జడ్జి లేకపోవడం అదే మొదటిసారి. దీని మీద అక్బరుద్దీన్ పుస్తకమే రాశాడు.

వదినకు ఈ ఓట్ల లెక్క పెద్దగా పట్టలేదు. పట్టింది ఇంకోటి. 2019 ఆగస్టులో కశ్మీరు మీద తలుపులేసుకుని సమావేశం జరిగాక ఆయన బయటికొచ్చి మైకు ముందు నిలబడ్డాడు. పాకిస్తాన్‌తో మాటలెప్పుడు మొదలుపెడతారని ఒక పాకిస్తానీ విలేకరి గుచ్చి అడిగాడు. ఇదిగో ఇప్పుడే, మీతోనే మొదలుపెడుతున్నా అన్నట్టు మైకు వదిలేసి నడుచుకుంటూ వెళ్ళి, అక్కడున్న ముగ్గురు పాకిస్తాన్ విలేకరులతోనూ చేయి కలిపి వచ్చాడు. ఇచ్చిపుచ్చుకునేదేం లేదు, మన మాట మనదే, వాళ్ళ మాట వాళ్ళదే. నడిచిన దూరం నాలుగడుగులుంటుందేమో.

వదిన తొడిమె తీయడం ఆపి మా డాబా వైపు ఒకసారి చూసింది. ఏమీ అనలేదు.

"మామా అల్లుళ్ళ కథ చెప్పనా?" అన్నాను. అలీ యావర్ జంగ్ అని హైదరాబాదు పెద్దమనిషి, పరీక్ష రాసి వచ్చినాయన కాదు గానీ ఈజిప్టు, ఫ్రాన్సు, అమెరికా, ఎన్ని దేశాలకు రాయబారిగా పోయాడో. 1971లో మహారాష్ట్ర గవర్నరై 1976లో పదవిలో ఉండగానే పోయాడు. ఆయనకు ఫ్రెంచి భార్య వల్ల కలిగిన కూతురు బిల్కీస్. ఆమెను చేసుకున్నది ఇద్రిస్ హసన్ లతీఫ్, ఆయనదీ హైదరాబాదే, వాయుసేనకు అధిపతి అయ్యాడు. రిటైరయ్యాక 1982లో మహారాష్ట్ర గవర్నరు. అది కాగానే ఫ్రాన్సుకు రాయబారి!

"అంటే ఆ అమ్మి నాయన ఉన్న బంగళాలోకే మొగుడితో మళ్ళీ పోయిందా? రెండు చోట్లా?" వదిన కళ్ళు పెద్దవయ్యాయి. "పుట్టింటికి పోయినట్టే గదా!"

నిజమే, నాకెప్పుడూ అట్లా తోచలేదు.

ఇక అసలు ప్రశ్న వచ్చింది. పెళ్ళి. "ఇట్లా దేశాలు తిరిగే పిల్లను ఎవరు చేసుకుంటారమ్మా?"

ఆ ప్రశ్న సర్కారే అడిగింది ఒకప్పుడు. కొడగు నుంచి ముత్తమ్మ అని ఒకామె 1949లో విదేశాంగంలో చేరింది, ఆడవాళ్ళలో ఆమే మొదలు. ఆడ ఆఫీసరు పెళ్ళి చేసుకోవాలంటే ముందే రాతపూర్వకంగా అనుమతి తీసుకోవాలని రూలుండేది. పెళ్ళయ్యాక కాపురం పనికి అడ్డమని సర్కారుకు అనిపిస్తే రాజీనామా చెయ్యమనొచ్చు. మగవాళ్ళకు లేదు. ఆమెకు ప్రమోషను ఆపితే సుప్రీంకోర్టుకెక్కింది. 1979లో జస్టిస్ కృష్ణయ్యర్ ఆ రూళ్ళను ఉతికి ఆరేశాడు. ముత్తమ్మ మాత్రం పెళ్ళే చేసుకోలేదు.

"పోరాడింది ఒకామె, సుఖపడింది వేరేవాళ్ళు" అని గొణిగి, "ఇంతకీ మన హైదరాబాదులో ఉన్నారా బయటిదేశాల రాయబార్లు?" అని అడిగింది.

రాయబారులు ఢిల్లీలో ఉంటారు, ఇక్కడ కాన్సులేట్లున్నాయి. అమెరికాది, ఇరాన్‌ది, టర్కీది.

"టర్కీ ఏడుంది?"

"నీలోఫర్ ఆస్పత్రి తెలుసు గదా?"

తెలియకపోవడమేంటి! వాళ్ళ చిన్నోడు నెల తక్కువ పుడితే ఇరవై రోజులు ఆ వార్డు బయట చాప మీద పడుకున్న మనిషి. ఆ నీలోఫర్ టర్కీ రాజకుటుంబం పిల్ల అని, 1931లో ఫ్రాన్సులో నిజాం రెండో కొడుకుతో పెళ్ళయిందని, తన దగ్గర పనిచేసే అమ్మాయి కాన్పులో చచ్చిపోతే తట్టుకోలేక ఆ ఆస్పత్రికి పూనుకుందని చెప్పాను. ఆ ఊపులో నాకు ఇంకో టర్కీవాడి సంగతి కూడా నోటికొచ్చింది. చెప్పి ఉండాల్సింది కాదేమో.

సెలాహత్తిన్ ఉల్కుమెన్ అని, రోడ్స్ దీవిలో టర్కీ కాన్సుల్. ముప్ఫై ఏళ్ళవాడు. 1944లో దీవి జర్మన్ల చేతిలో ఉంది. అక్కడి యూదుల్ని, 1,700 మంది దాకా, ఓడల్లో ఎక్కించి ఆష్విట్జ్ మరణశిబిరానికి పంపడానికి పోగేశారు. ఈయన జర్మన్ దళపతి దగ్గరికి పోయి, వీళ్ళలో టర్కీ పౌరులున్నారు వదలండి అన్నాడు. పౌరులే కాదు, మా చట్టం ప్రకారం వాళ్ళ మొగుళ్ళూ పెళ్ళాలూ కూడా మావాళ్ళే అన్నాడు. యాభై మంది దాకా బతికి బయటపడ్డారు. అట్లాంటి చట్టం టర్కీలో అసలు లేనే లేదని బతికినామె ఒకామెకు తర్వాతెప్పుడో తెలిసిందట.

"అబద్ధమాడిండా!" వదిన మురిసిపోయింది.

ఆ ఏడే ఆ కాన్సులేటు మీద బాంబులు పడ్డాయి. భార్య మిహ్రినిస్సా నిండు గర్భిణి. గాయాలతోనే కొడుకును కని ప్రాణం విడిచింది. పిల్లాడి పేరు మెహ్మెత్. యుద్ధం అయ్యేదాకా తండ్రిని జర్మన్లు నిర్బంధంలో ఉంచారు. 1989లో ఇజ్రాయెల్ వాళ్ళు గౌరవించారు, 2003 దాకా బతికాడు.

వదిన చాలాసేపు కాయలకేసే చూస్తూ కూర్చుంది. మిరప ఘాటుకు ఇద్దరం ముక్కులు ఎగబీల్చాం. ఘాటుకే అనుకుందాం.

పొద్దు వాలుతుంటే చేట దులుపుకుని లేచింది. తొడిమెలన్నీ ఒక సంచిలోకి తోసి, లోపలికి పోయి, నాలుగు మునక్కాయలు తెచ్చి గోడ మీద పెట్టింది. "ఆ పిల్ల ఫోనులో దొరికితే ఏ భాష తీసుకుంటదో అడుగు పంతులమ్మా. అరబ్బీ వద్దు, రాయడం కుడి నుంచి ఎడమకంట." అంతలోనే గొంతు తగ్గించింది. "రేపు పొద్దున మేస్త్రీని రమ్మన్నా. మా ఆయన ఖమ్మం మార్కెట్‌కు పోతడు, మధ్యాహ్నం దాకా రాడు. ఆ గొట్టం మలుపు అటు తిప్పిస్తా. రెండడుగుల ముక్కేగా. మీ ఆయనకు మాత్రం నేను చెప్పినట్టు చెప్పకు."