మైకు మనం పట్టుకుందాం

పోయిన చలికాలం కాలేజీ ఫ్రెండ్స్‌తో పాపికొండల టూర్‌కి వెళ్లా. గండిపోచమ్మ గుడి దగ్గర లాంచీ ఎక్కాం. నేను కొండరెడ్ల పిల్లోణ్నని వాళ్లకి అప్పటిదాకా చెప్పలేదు.

పేరంటాలపల్లి వస్తుంటే గైడ్ మైకులో, "గుడి చూడండి, గిరిజనులు వెదురు బొమ్మలు అమ్ముతారు, ఫొటోలు దిగండి" అన్నాడు. అంతే. పోడు గురించి గానీ, పోలవరం నీళ్లకి ఈ ఊళ్లు మునిగిపోతాయని గానీ ఒక్క ముక్క లేదు.

ఒడ్డున ఒకామె వెదురు పూలు అమ్ముతోంది. వంద అంది. మావాడు యాభైకి బేరమాడాడు. వెదురు కొట్టి, మోసుకొచ్చి, చీల్చి, పలచగా చెక్కడం ఎంత పనో ఇంట్లో చూస్తూ పెరిగినోణ్ని. అయినా నోరు మెదపలేదు.

ఆమె నన్నే చూసి, "ఏ ఊరు నాయనా?" అంది.

రాజమండ్రి అనబోయి, మా ఊరి పేరే చెప్పేశా. "మనోడివేనా!" అని నవ్వింది. మావాడు తల దించుకుని వంద ఇచ్చాడు.

తిరుగు ప్రయాణంలో గైడ్‌ని అడిగి మైకు తీసుకున్నా. 2019లో కచ్చులూరు దగ్గర బోటు మునిగితే, పడవలేసుకుని వెళ్లి 26 మందిని కాపాడింది ఈ ఒడ్డు ఊళ్లోళ్లేనని చెప్పా. చేతులు వణికాయి. లాంచీలో డాన్స్ పాటలు మాత్రం కాసేపు ఆగాయి.

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, డిగ్రీ అయ్యాక గైడ్ పని చిన్నదనుకోకండి. మన ఊళ్ల గురించి మనమే చెప్పాలి, ఊళ్లు ఉండగానే.