ఓర్పు ముందా, బలం ముందా?

పిల్లలు కంప్యూటర్ ముందు కూర్చుని ఆటలాడుతుంటే మనకు వినిపించేది కత్తుల చప్పుడు, కనిపించేది వాళ్ల వీపు. "ఏందిరా అది?" అంటే "గేమ్" అంటారు. అంతటితో సరి. కూర మాడిపోతోందని మనం వంటింట్లోకి పరుగెత్తుతాం. కానీ ఆ ఆటల్లో కొన్నింటి వెనక ఉండే లెక్క చూస్తే, ఒకటో తారీఖున మనం వేసుకునే ఇంటి ఖర్చుల లెక్కకు ఏమాత్రం తీసిపోదంటే నమ్ముతారా? 2025 వేసవిలో ప్రొద్దుటూరులో మా మిద్దె గదిలో కూర్చుని నెలన్నర పాటు అలాంటి లెక్క ఒకటి నా చేత్తోనే రాశాను కాబట్టి చెబుతున్నాను. ఇందులో ఉల్లిగడ్డ, క్యారెట్టు సంగతి కూడా ఉంది లెండి, పేజీ తిప్పేయకండి.

ఆడేది మా అక్క కొడుకు. వాళ్లది పులివెందుల. 2023లో మా బావ గుండెపోటుతో పోయారు. అప్పటికి ఆయనకు 48 ఏళ్లు. పిల్లోడు అందరిముందూ ఏడవలేదు కానీ, మాట్లాడడం మానేశాడు. ఇంటర్ పరీక్షలు అయిపోగానే అక్క ఫోన్ చేసి, "మే, వాణ్ని కొన్నాళ్లు నీ దగ్గర పెట్టుకో. నాతో ఊ, ఆ తప్ప ఇంకో మాట లేదు. ఆ ల్యాప్‌టాప్ ఒకటే వాని లోకం" అంది. భుజాన ల్యాప్‌టాప్ బ్యాగు, చేతిలో చీనీకాయల సంచితో బస్సు దిగాడు. మా వారు రెండు రోజులు చూసి, "ఆ పెట్టె తీసి బీరువాలో పెట్టి తాళం వెయ్యి" అన్నారు. నేను వెయ్యలేదు. నోరు విప్పని పిల్లోడు దేని గురించైనా మాట్లాడతాడంటే దాని గురించే కదా! ఓ కుర్చీ లాక్కుని పక్కన కూర్చున్నాను.

ఆట పేరు 'ఆబ్లివియన్'. 'ఎల్డర్ స్క్రోల్స్' అనే వరసలో నాలుగోది. అమెరికాలోని బెథెస్డా అనే కంపెనీ 2006 మార్చిలో విడుదల చేసింది. అంటే మా వాడికంటే వయసులో పెద్దది. పాత ల్యాప్‌టాప్ కాబట్టి పాత ఆట. కథంతా అచ్చం విఠలాచార్య సినిమానే. మనం జైలు గదిలో ఉంటాం. శత్రువుల నుంచి తప్పించుకుంటూ చక్రవర్తి మన గదిలోని రహస్య మార్గం గుండానే వస్తాడు. తన మెడలోని పతకం మన చేతిలో పెట్టి, కాసేపట్లోనే హతమైపోతాడు. అక్కణ్నుంచి దేశం మీద పడి తిరగడమే. కథ సంగతి వదిలేయండి, మనకు కావలసింది మనిషి ఎదిగే పద్ధతి.

ఈ ఆటలో మనిషికి 8 గుణాలు. బలం, తెలివి, పట్టుదల, ఒడుపు, వేగం, ఓర్పు, ఆకర్షణ, చివరగా అదృష్టం. విద్యలేమో 21. అదృష్టం తప్ప ఒక్కో గుణం కింద మూడేసి విద్యలు. కత్తి తిప్పడం బలం కింద, మందులు నూరడం తెలివి కింద, పరుగెత్తడం వేగం కింద, డాలు పట్టడం ఓర్పు కింద. ఈ 21లో ఏడింటిని 'ముఖ్యమైనవి' అని మొదట్లోనే ఎంచుకోవాలి. ఆ ఏడింటిలో అన్నీ కలిపి 10 మెట్లు ఎక్కితే మనిషి ఒక లెవెల్ పెరుగుతాడు. మిగతా 14 విద్యల్లో ఎంత కష్టపడినా లెవెల్‌కు లెక్కలోకి రాదు.

ఇదెక్కడో విన్నట్టు లేదూ? పొద్దున్నే కళ్లాపి చల్లిన దగ్గర్నుంచి రాత్రి పాలు తోడు పెట్టేదాకా మనం చేసేదంతా ఆ 14లోనే ఉంది కాబోలు అన్నాను. వాడు తల తిప్పి నా వైపు చూశాడు. వచ్చి నాలుగు రోజులైంది, నా మొహం చూడడం అదే మొదలు. "కాదు చిన్నమ్మా, అవి కూడా పనికొస్తాయి. లెవెల్‌కు రావు గానీ గుణానికి వస్తాయి" అన్నాడు.

అసలు కిటుకంతా ఆ మాటలోనే ఉంది. లెవెల్ పెరిగినప్పుడు మూడు గుణాలు ఎంచుకుని పెంచుకోవచ్చు. ఒక గుణం కింది విద్యల్లో ఆ లెవెల్లో ఏమీ ఎక్కకపోతే ఆ గుణం ఒక్కటే పెరుగుతుంది. నాలుగు మెట్ల వరకు ఎక్కితే 2, అయిదు నుంచి ఏడైతే 3, ఎనిమిది తొమ్మిదికి 4, పది ఎక్కితే 5. ఇక్కడ ముఖ్యమైన విద్యా, మామూలు విద్యా అని తేడా లేదు, రెండూ సమానమే. పదకొండోది, పన్నెండోది మాత్రం వృథా. వచ్చే లెవెల్‌కు జమ కావు. అదృష్టం కింద విద్యలే లేవు కాబట్టి దానికి ఎప్పుడూ ఒకటే. (అది మాత్రం న్యాయంగానే పెట్టారు.)

ఇంకో మెలిక. మనం లెవెల్ పెరిగేకొద్దీ ఎదుటివాళ్లూ పెరుగుతారు. మొదట్లో చిరిగిన తోలు చొక్కాతో దారికాచిన దొంగే, లెవెల్ బాగా పెరిగాక ఖరీదైన గాజు కవచం తొడుక్కుని వస్తాడు. కాబట్టి ఎగరడం, పరుగెత్తడం, మందులు నూరడం వంటి, అడుగు తీసి అడుగు వేస్తే పెరిగిపోయే విద్యల్ని ముఖ్యమైన ఏడింటిలో పెట్టుకున్నారా, లెవెల్ గబగబా పెరిగిపోతుంది. యుద్ధం చేసే సత్తా అక్కడే ఉంటుంది. జీతం రెండు వందలు పెరిగిందని ఇంటి ఓనరు అద్దె అయిదొందలు పెంచినట్టు! అందుకని రోజూ చేసే పనుల్ని మామూలు వాటిలో ఉంచి, మన ఇష్టప్రకారం ఆపగలిగేవాటిని ముఖ్యమైన వాటిలో పెట్టుకోవాలి. మీ పిల్లలు ఈ పాత ఆట మొదలుపెడుతుంటే ఒక సంగతి చెప్పండి. మొదట్లో సొరంగం దాటి బయటికొచ్చే ద్వారం దగ్గర, ఎంచుకున్నవన్నీ మార్చుకోవడానికి చివరి అవకాశం ఇస్తారు. అక్కడ ఆటను దాచి పెట్టుకుంటే, ప్రతిసారీ జైలు గది నుంచి మొదలెట్టక్కర్లేదు.

ఇవన్నీ వాడు నోటితో లెక్క పెట్టుకుంటున్నాడు. మధ్యలో మర్చిపోతున్నాడు. మాకు బంగారు అంగడి వాళ్లు కొత్త సంవత్సరానికి ఇచ్చిన డైరీ ఒకటి ఖాళీగా పడి ఉంది. ప్రొద్దుటూరులో ఇలాంటి డైరీలకు కరువా? పేజీకో లెవెల్ చొప్పున, పైన మూడు గుణాలు రాసి, కింద పాల లెక్కకు క్యాలెండర్ మీద గీసుకుంటామే, అట్లా గీతలు మొదలెట్టాను. నాలుగు నిలువు గీతలు, అయిదోది అడ్డం. ఒక్కో గుణానికి రెండు కట్టలు నిండితే ఆపమని చెప్పడం నా పని. "చాలు నాయనా, వేగం నిండింది. ఇంక పరుగెత్తొద్దు, నడిచిపో" అంటే నవ్వేవాడు.

పద్ధతి ఇదీ. ముందు మామూలు విద్యలతో గీతలు నింపుకోవాలి. ముఖ్యమైనవి చివర్న ముట్టుకోవాలి. పది మెట్లూ అయ్యాక మంచం చూసుకుని పడుకోవాలి. పడుకుంటే తప్ప లెవెల్ పెరగదు. (రాత్రి రెండింటిదాకా మేలుకుని ఆడే ఆటలో ఈ నియమం ఎవరు పెట్టారో గానీ, వాళ్ల కడుపు చల్లగా!) డబ్బిచ్చి గురువుల దగ్గర నేర్చుకునే వీలు కూడా ఉంది, అయితే ఒక లెవెల్‌కు 5 సార్లే. అంతకు మించి ట్యూషన్ చెప్పరు. తెల్లవారుజామున మొదలెట్టి రాత్రి దాకా పిల్లల్ని తోమే కాలేజీల వాళ్లకు ఈ ముక్క ఎవరైనా వినిపిస్తే బాగుండు.

మూడు గుణాలకూ అయిదేసి తెచ్చుకోవడం ఓపిక ఉన్నవాళ్ల పని. నన్నడిగితే రెండింటికి అయిదేసి, అదృష్టానికి ఒకటి చాలు. 30 గీతల బదులు 20తో సరిపోతుంది.

ఇక మందులు నూరడం. చేతిలో కల్వం ఒకటి ఉండాలి. పొలాల్లో, అంగళ్లలో, ఇళ్లలో దొరికినవి తెచ్చి రెండేసి కలిపి నూరడమే. ఉల్లిగడ్డ, క్యారెట్టు, టమోటా, బంగాళాదుంప వీటిలో ఏ రెండు కలిపినా అలసట తీర్చే మందు తయారవుతుంది. "ఒరే, ఇది సాంబారు కదరా" అన్నాను. నూరిన ప్రతిసారీ విద్య పెరుగుతుంది కాబట్టి తెలివికి పది గీతలు ఎంతోసేపు పట్టవు. పైగా ఆ మందులు అమ్ముకుంటే డబ్బు. ఈ పని మాత్రం వాడు నాకు అప్పజెప్పాడు. మౌస్ పట్టుకుని నేనే నూరేదాన్ని.

అన్నింటికంటే ఎక్కువ పట్టింది ఓర్పు దగ్గర. దాని కింద ఉన్నవి ఆయుధాలు మరమ్మతు చేయడం, డాలు అడ్డం పెట్టడం, బరువైన కవచం తొడుక్కోవడం. ఒకరోజు నీటి ఒడ్డున ఒక పీత ఎదురైంది. మా వాడు డాలు అడ్డం పెట్టుకుని పావుగంట సేపు అట్లే నిలబడ్డాడు. అది కొడుతూనే ఉంది.

"కొట్టరా దాన్ని!" అన్నాను ఉండబట్టలేక.

"కొట్టకూడదు చిన్నమ్మా. అది కొట్టాల, నేను కాసుకోవాల. అప్పుడే ఓర్పు వస్తాది."

"బలం పెంచుకుంటే ఒక దెబ్బకు పోతాది గదా?"

అప్పుడు వాడు ఆట ఆపి చెప్పాడు. లెవెల్ పెరిగినప్పుడల్లా ఆ రోజుకు ఉన్న ఓర్పులో పదోవంతు ప్రాణానికి కలుస్తుంది. ఓర్పు 40 ఉంటే 4, 100 ఉంటే 10. బలం ఎప్పుడు పెంచుకున్నా బలమే, నష్టం లేదు. ఓర్పు అట్లా కాదు. పది లెవెల్ల పాటు 40 దగ్గరే వదిలేసి తర్వాత 100 చేసుకున్నా, గడిచిపోయిన ఆ పది లెవెల్లకు రావలసినది వెనక్కి వచ్చి కలవదు. పోస్టాఫీసులో నెలనెలా కట్టే డిపాజిట్‌లాగే, కట్టిన నాటి నుంచే వడ్డీ.

"అందుకే ఓర్పు ముందు. నాయన కూడా షుగరు ఉందని తెలిసిన కాణ్ణుంచే చూసుకోనింటే..." అన్నాడు.

మా ఇంట్లోనే కాదు, రెండేళ్లలో వాళ్ల ఇంట్లో కూడా వాడు నాయన మాట ఎత్తలేదని తర్వాత అక్క చెప్పింది. నేనేమీ అనలేదు. ఫ్యాన్ తిరుగుతోంది. కాసేపటికి వాడే "చిన్నమ్మా, గీత గీసినావా?" అన్నాడు. గీశాను. ఆ రాత్రి వాడు ఇంకా చాలా మాట్లాడాడు, ఆట గురించి కాదు. అదంతా పత్రికలో రాసేది కాదు.

జమ్మలమడుగు నుంచి మా ఆడబిడ్డ కూతురు వచ్చినప్పుడు మాత్రం మా డైరీ పరువు పోయింది. ఆ పిల్లా ఇదే ఆట ఆడుతుందట. ఏ లెక్కా లేకుండా 22వ లెవెల్‌కు వెళ్లిపోయింది. ఇష్టమైన ఏడు విద్యలు పెట్టుకుంది, ఎక్కడబడితే అక్కడ ఎగిరింది, గాజు కవచాల దొంగలు తరిమితే పారిపోయింది. చివరికి సెట్టింగుల్లో కష్టం తగ్గించే గీత ఒకటి ఉంటే దాన్ని ఎడమవైపుకు జరిపేసి హాయిగా ఆడుకుంటోంది. "అత్తా, ఆట ఆడుకునేదానికా, గీతలు గీసుకునేదానికా?" అంది. ఆ పిల్ల మాటలో నిజం లేకపోలేదు. ఊరికే కాలక్షేపానికి ఆడేవాళ్లకు ఆ గీత జరపడమే మంచిది. పెళ్లికి వెళ్లి విస్తట్లో ఎన్ని రకాలు పడ్డాయని లెక్కపెట్టుకుంటే తిన్నట్టుంటుందా? మా వాడు మాత్రం ఒప్పుకోలేదు. ఇద్దరూ గంటసేపు పోట్లాడుకున్నారు. కింద వంటింట్లో అలసంద వడలు వేస్తూ ఆ గొడవ వింటుంటే నాకు ఎంత సంతోషంగా ఉండిందో!

ఈ గీతల బాధ పడలేకనేమో, 2025 ఏప్రిల్‌లో అదే ఆటను కొత్త హంగులతో తెచ్చినప్పుడు పద్ధతి మార్చేశారు. ఇప్పుడు 21 విద్యల్లో ఏది పెరిగినా లెవెల్‌కు లెక్కే. లెవెల్‌కు 12 పాయింట్లు ఇస్తారు, మూడు గుణాలకు పంచుకోవాలి, ఒక్కోదానికి 5 మించకూడదు. అదృష్టం ఒక్క మెట్టు ఎక్కాలంటే 4 పాయింట్లు ఖర్చు. మీ పిల్లలు ఆడేది ఆ కొత్తదైతే డైరీ అక్కర్లేదు.

జూన్ నెలాఖరుకు అక్క వచ్చింది, కొడుకును తీసుకెళ్లడానికి. ఇంకో పని మీద కూడా. బావ 2021లో మూడెకరాల్లో చీనీ చెట్లు పెట్టి పోయారు. కాపు ఇంకా అందుకోలేదు. ఆడమనిషి ఒక్కతే ఏం చూసుకుంటుంది, అమ్మేయమని బంధువులంతా ఒత్తిడి. బేరం కుదిరింది, అగ్రిమెంటు కాగితాలు రాయించి తెచ్చింది, మా వారితో ఒక మాట అనుకుని సంతకం పెడదామని.

అన్నాలు తిన్నాక ఆ సంగతి వచ్చింది. పిల్లోడు లేచి మిద్దె మీదికి పోయాడు. అలిగాడనుకున్నాం. డైరీ పట్టుకుని దిగొచ్చాడు. ముందు నుంచి నేను రాసిన లెవెల్లు. వెనక డిసెంబరు పేజీల నుంచి వాడు రాసుకున్నది నేను అప్పటిదాకా చూడలేదు. వరసకో పేజీ. ఒక్కో వరసలో ఎన్ని చెట్లు బతికున్నాయో నాలుగు నిలువు, ఒకటి అడ్డం గీతలు. డ్రిప్పు పైపులు ఎక్కడ పగిలాయి, మార్చడానికి ఎంతవుతుంది, ముందు నీళ్ల పని, తర్వాత ఎరువు, కాపు మీద ఆశ పెట్టుకునేది ఎన్నో ఏడు. అన్నీ వరసగా.

అక్క కళ్లద్దాలు పెట్టుకుని పేజీలు తిప్పింది. "ఇది నువ్వెప్పుడు చూసినావురా తోట?" అంది. "రోజూ సాయంత్రం పోతాంటి గదమ్మా" అన్నాడు. ల్యాప్‌టాప్ ముందు నుంచి లేవడనే అనుకుంటోంది అక్క.

మా వారు డైరీ తీసుకుని కూడికలన్నీ మళ్లీ వేసి చూశారు. ఒకచోట డ్రిప్పు ఖర్చు తక్కువ వేశాడని దిద్దారు. తక్కిన వాటికి వంక పెట్టలేదు.

పిల్లోడు ఇంటి దగ్గరే ఇంజనీరింగులో చేరాడు. ఓర్పు 40తో మొదలుపెట్టి 13వ లెవెల్‌కు 100 చేసుకున్నాడు. అది వందకు మించదు కాబట్టి ఇప్పుడు బలం మీద పడ్డాడు. ఆదివారం ఫోన్ చేసి "చిన్నమ్మా, ఈ వారం ఎన్ని గీతలో తెలుసా" అంటాడు. అవి ఆటవో తోటవో అడిగితే గానీ తెలియదు. అగ్రిమెంటు కాగితాలు సంతకం లేకుండా అక్క బీరువాలో అట్లే ఉన్నాయి.