పొట్లాలకు వేసిన పాఠకులు

మా ఇంట్లో ఒక బీరువా నిండా బైండు పుస్తకాలున్నాయి. అన్నీ వారపత్రికల్లోంచి చించి కుట్టించిన సీరియళ్లు. డెబ్బైల్లో, ఎనభైల్లో చదివే అలవాటున్న ఇళ్లలో ఇది మామూలే. సీరియల్ అయిపోయేదాకా సంచికలు దాచడం, అయిపోయాక పిన్నులు ఊడదీసి ఆ పేజీలు మాత్రం వరసగా పేర్చడం, కట్ట కట్టి బైండింగుకు ఇవ్వడం. నేను ఈ పని ఎంతో పద్ధతిగా చేసేవాణ్ణి. ఒక్క పేజీ తప్పిపోనిచ్చేవాణ్ణి కాదు. అంత పద్ధతిగా చేసినందువల్లే నష్టం కూడా పూర్తిగా జరిగింది.

మా ఊరు చీమకుర్తి నుంచి ఒంగోలు బస్సులో వెళ్లి, కర్నూలు రోడ్డులో దిగి, ఒక పెద్దాయన దగ్గర బైండు చేయించేవాణ్ణి. ఆయన పని చూస్తూ కూర్చోవడం నాకు పండగ. పేజీలను బల్ల మీద నిలబెట్టి తట్టి అంచులు కలిపేవాడు. మేకు పెట్టి సుత్తితో కొట్టి వరసగా చిల్లులు పొడిచేవాడు. మైనం రాసిన దారాన్ని పెద్ద సూదితో ఆ చిల్లుల్లోంచి లాగి బిగించేవాడు. మైదాపిండి ఉడికించిన జిగురులో చిటికెడు మైలుతుత్తం కలిపేవాడు, పురుగు పట్టకుండా. తర్వాత అట్టలు, వీపు మీద కాలికో గుడ్డ. చివర్న కత్తి మిషన్ కింద పెట్టి మూడువైపులా అంచు కోసేవాడు. ఆ కోతలో పేజీ కింద ఉండే సంచిక తేదీ కూడా సన్నటి రిబ్బనులా తెగి కింద పడేది. నేను చూస్తూనే ఉండేవాణ్ణి. అది పోతే ఏమవుతుందన్న ఆలోచన నాకు రాలేదు.

ఇక ఇంట్లో మిగిలిన బొక్కి సంచికలు: అట్టలు, సంపాదకీయాలు, ప్రకటనలు, ప్రశ్నలు-జవాబులు, పాఠకుల ఉత్తరాలు. వాటిని కట్టగట్టి కిలోల లెక్కన కిరాణా కొట్లో వేసేవాణ్ణి. ఆ డబ్బుతో మళ్లీ కొత్త సంచికలు. మా ఊరి క్వారీల్లో గెలాక్సీ రాయి తీసేటప్పుడు పగులు లేని బ్లాకు ఒక్కటే లారీ ఎక్కుతుంది, మిగతాదంతా డంపులో పడుతుంది. నేనూ అలాగే కథ ఒక్కటే బ్లాకు అనుకున్నాను.

ఏం చదివేవాళ్లం? సైన్స్ ఫిక్షన్ అని వేరే గీత గీసుకున్నది లేదు. చందమామలో దాసరి సుబ్రహ్మణ్యంగారి జానపద సీరియళ్లతో మొదలు. ఆ రాక్షసులు, మాంత్రికులు, చిత్రకారుడు ‘చిత్ర’ వేసిన వింత జంతువులు లేకపోతే తర్వాత గ్రహాంతరవాసులను ఊహించుకోవడం మాకు అంత తేలికయ్యేది కాదని నా నమ్మకం. విశాలాంధ్ర వాళ్ల వ్యాను వస్తే సోవియట్ పుస్తకాలు. యాకొవ్ పెరెల్మాన్ భౌతికశాస్త్రం పుస్తకాలు మా ఇంట్లో నలిగి నలిగి అట్టలూడాయి. హెచ్. జి. వెల్స్‌ను మా అక్క, నేను మొదట కలిసింది పెరెల్మాన్ ద్వారానే. వెల్స్ రాసిన అదృశ్య మానవుడికి కళ్లు కనపడవని పెరెల్మాన్ వివరించాడు. కంటిలోని భాగాలన్నీ గాలంత పారదర్శకమైతే కాంతి వంగదు, రెటీనా మీద బొమ్మ ఏర్పడదు; రెటీనా కాంతిని పీల్చుకుంటే అదీ కనపడిపోతుంది. కనుక మాయమైనవాడు గుడ్డివాడు. ఆ పేజీ చదివిన రాత్రి మా అక్కా నేనూ నిద్రపోలేదు. ఆ తర్వాత ఎనభైల మొదట్లో ఆంధ్రభూమిలో యండమూరి ‘తులసిదళం’. చేతబడా, హిప్నాటిజమా అని ఊరంతా రెండుగా చీలి వాదించుకున్నది. అది క్షుద్ర సాహిత్యమని తిట్టినవాళ్లూ వారం తప్పకుండా చదివారు.

నా తప్పు నాకు తెలిసింది మా మేనల్లుడి వల్ల. వాడు డాలస్‌లో ఉంటాడు, సైన్స్ ఫిక్షన్ కథలంటే ప్రాణం పెడతాడు. ఒకసారి వస్తూ నాకోసం కొన్ని పుస్తకాలు తెచ్చాడు. కథలు కావు, కథలు చదివిన వాళ్ల గురించి రాసిన పుస్తకాలు. అలాంటివి కూడా ఉంటాయని నాకు అప్పటిదాకా తెలియదు.

వాటిల్లో నన్ను పట్టుకున్నది హ్యారీ వార్నర్ జూనియర్ 1969లో తెచ్చిన ‘ఆల్ అవర్ ఎస్టర్‌డేస్’. వార్నర్ మేరీలాండ్ రాష్ట్రంలో హేగర్స్‌టౌన్ అనే చిన్న ఊళ్లో పత్రికా విలేకరి. పెద్దగా ఊరు కదిలే మనిషి కాదు. కానీ దేశం నలుమూలల నుంచి పాఠకులు సైక్లోస్టైల్ చేసి పంపుకునే చిన్న పత్రికలు ఆయనకు వచ్చేవి, అన్నిటికీ ఆయన ఉత్తరాలు రాసేవాడు. ఆ ఉత్తరాలూ ఆ చిన్న పత్రికలూ దగ్గర పెట్టుకునే 1940ల నాటి సైన్స్ ఫిక్షన్ అభిమానుల చరిత్ర మొత్తం రాశాడు. తర్వాతి దశాబ్దం మీద రాసిన ‘ఎ వెల్త్ ఆఫ్ ఫేబుల్’కు 1993లో సైన్స్ ఫిక్షన్ రంగంలో ఇచ్చే హ్యూగో బహుమతి వచ్చింది. చిన్న ఊళ్లో కూర్చున్న మనిషి అంత చరిత్ర రాయగలిగాడంటే, వచ్చిన కాగితం ఏదీ పారేయనందువల్ల.

ఆ చరిత్రకు మొదలు కూడా ఉత్తరాల పేజీయే. హ్యూగో గెర్న్స్‌బ్యాక్ 1926 ఏప్రిల్‌లో ‘అమేజింగ్ స్టోరీస్’ అనే సైన్స్ ఫిక్షన్ పత్రిక మొదలుపెట్టాడు. పాఠకుల ఉత్తరాలను పూర్తి చిరునామాలతో అచ్చువేశాడు. ఆ చిరునామాలు చూసి కుర్రాళ్లు పత్రికకు కాక ఒకరికొకరు రాసుకోవడం మొదలుపెట్టారు. క్లబ్బులు పుట్టాయి, చేతిపత్రికలు పుట్టాయి. క్లీవ్‌లాండ్‌లో హైస్కూలు కుర్రాళ్లు జెర్రీ సీగల్, జో షూస్టర్ తాము సైక్లోస్టైల్ చేసిన పత్రికలోనే 1933లో ‘సూపర్‌మ్యాన్’ అన్న పేరును మొదటిసారి వాడారు. అసిమోవ్ రచయిత కాకముందు ఉత్తరాల పేజీలో పేరున్న పాఠకుడు. 1939 జూలైలో న్యూయార్క్‌లో మొదటి ప్రపంచ సైన్స్ ఫిక్షన్ సమావేశం జరిగితే, ఫ్రెడరిక్ పోల్‌తో సహా ఆరుగురు అభిమానులను గుమ్మంలోనే ఆపేశారు. ఆపినవాళ్లలో ఒకడైన శామ్ మాస్కోవిట్జ్ 1954లో ‘ది ఇమ్మోర్టల్ స్టార్మ్’ అని తన కథ రాశాడు. పోల్ 1978లో తన కథ తాను రాశాడు. ఇద్దరి మాటా ఇప్పుడు మనం పక్కపక్కన పెట్టి చదవవచ్చు. ఇరవై ఏళ్ల కుర్రాళ్ల తగాదాకు ఇంత సాక్ష్యం నిలిచింది. తులసిదళం మీద మా ఊళ్లో, మీ ఊళ్లో జరిగిన వాదన ఎక్కడ నిలిచింది? ఆ సంచికల ఉత్తరాల పేజీల్లో నిలవాలి. నా దగ్గరున్న ఉత్తరాల పేజీలను మాత్రం నేనే శనగపప్పు పొట్లాలకు వేశాను.

పుస్తకాలు ఇచ్చిన రోజే మేనల్లుడు అడిగాడు. “మావయ్యా, అమ్మ చిన్నప్పుడు పత్రికకు ఉత్తరం రాసిందంట కదా, అచ్చయ్యిందంట. నీ బైండుల్లో ఉంటుందన్నది. ఏదీ, చూపించు.”

నాకు నోట మాట రాలేదు. అక్క ఆ మాట నమ్మకంతో చెప్పింది. తమ్ముడు అన్నీ దాచాడని ఇన్నేళ్లూ ఆమె అనుకున్నది.

అక్క రాసిన ఉత్తరం నాకు గుర్తుంది. ఒక సీరియల్లో శాస్త్రవేత్త మందు తాగి మాయమై, శత్రువు గదిలోకెళ్లి బల్ల మీది కాగితం చదువుతాడు. అక్క పెరెల్మాన్‌ను చూపించి, కళ్లు కనపడనివాడు కాగితం ఎలా చదివాడండీ అని రాసింది. అచ్చయింది, కింద ఆమె పేరు, చీమకుర్తి అని ఊరి పేరు. పూర్తి చిరునామా లేదు. కానీ అప్పటి చీమకుర్తిలో పోస్టుమాన్‌కు పేరు చాలు. పేరు, ఊరు మాత్రమే రాసిన కవర్లు నేరుగా మా గుమ్మంలోకి వచ్చాయి. మాచర్ల నుంచి పాలిటెక్నిక్ చదివే కుర్రాడొకడు, రెటీనా మీద మందు పనిచెయ్యలేదని రచయిత ఒక్క వాక్యం కలిపితే సరిపోయేది కదా అని వాదించాడు. రేపల్లె నుంచి ఒక మాస్టారు, ఆ పెరెల్మాన్ పుస్తకం ఎక్కడ దొరుకుతుందమ్మా, మా బడి పిల్లలకు కావాలి అని అడిగాడు.

గెర్న్స్‌బ్యాక్ పత్రిక వల్ల అమెరికాలో జరిగింది సరిగ్గా ఇదే. మా ఇంట్లో అది అక్కడితో ఆగింది. పెళ్లి కావలసిన పిల్ల పేరు మీద తెలియని మగవాళ్ల ఉత్తరాలు రావడం నాన్నకు నచ్చలేదు. తిట్టలేదు, కొట్టలేదు. “ఇక చాల్లేమ్మా” అన్నాడు. అక్క మాచర్ల కుర్రాడికి ఒక్క కార్డు ముక్క రాసి పోస్టు చేసి ఊరుకున్నది. తర్వాత ఎప్పుడూ ఏ పత్రికకూ రాయలేదు. ఆ సీరియల్ ముగిశాక నేను పిన్నులు ఊడదీసి కథను ఒంగోలు పంపాను, అక్క ఉత్తరాన్ని కొట్టుకు పంపాను. చించేటప్పుడు ఆ పేజీ నా చేతిలోంచే పోయింది. చూసే పోనిచ్చాను. అది అక్క ఒక్కసారి చేసిన సరదా పని అనీ, దాచవలసింది రచయిత రాసిందనీ అనుకున్నాను.

కెమిల్ బేకన్-స్మిత్ 1992లో రాసిన ‘ఎంటర్‌ప్రైజింగ్ విమెన్’ కూడా ఆ పుస్తకాల్లోనే ఉన్నది. స్టార్ ట్రెక్ టీవీ సీరియల్ అభిమానుల్లో కథలు రాసి, చేతిపత్రికలు నడిపిన ఆడవాళ్ల గురించిన పుస్తకం అది. ఆ సీరియల్ మీద మొదటి చేతిపత్రిక ‘స్పాకనేలియా’ను 1967లో తెచ్చింది ఇద్దరు ఆడవాళ్లు. బేకన్-స్మిత్ పుస్తకం చదువుతూ ఒకచోట అక్క గుర్తొచ్చి ఆగిపోయాను, మూసేశాను. మా అక్క లాంటివాళ్లు తెలుగులో ఎంతమంది రాశారో, ఎంతమంది ఒక్క ఉత్తరంతో ఆగిపోయారో లెక్క తీయాలంటే పాత సంచికలే దారి.

వెతకడానికి వేటపాలెం వెళ్లాను. చీరాల పక్కనున్న సారస్వత నికేతనం గ్రంథాలయం 1918 నాటిది. దాని భవనానికి 1929లో గాంధీజీ శంకుస్థాపన చేశారు. అక్కడ పాత పత్రికలను సంచికలకు సంచికలుగా, ప్రకటనలతో సహా కుట్టించి పెట్టారు. తలనొప్పి మందు ప్రకటన దగ్గర్నుంచి అన్నీ ఉన్నాయి. అక్కడ ఎవరూ ఏదీ అనవసరమని నిర్ణయించలేదు. గ్రంథాలయంలో మొదట అడిగే ప్రశ్న ఒకటే: ఏ సంవత్సరం, ఏ నెల? నేను చెప్పలేకపోయాను. అక్కకు గుర్తులేదు. నా బైండులో తేదీ లేదు, అట్ట లేదు, అంచు కూడా తెగిపోయింది. సంపుటాలు ముందున్నా ఎక్కడ తెరవాలో తెలియని స్థితి నాకు నేనే తెచ్చుకున్నాను.

ఇంటికొచ్చి ఆ బైండును మళ్లీ తీశాను, ఈసారి కథ కోసం కాదు. ప్రతి వారం సీరియల్ చివరి పేజీ వెనకవైపు వేరే శీర్షిక ఉంటుంది. చించేటప్పుడు దాన్ని వదిలించుకోలేను కనుక అది కూడా కుట్టులో ఇరుక్కుని మిగిలింది. కొన్నిచోట్ల సినిమా ప్రకటన, విడుదల తేదీతో. అలా ఒక్కో వారానికి ఇంచుమించు తేదీ కట్టుకుంటూ వస్తున్నాను. రెండు మూడు చోట్ల ఉత్తరాల పేజీయే అడ్డంగా దొరికింది. సగం ఉత్తరాలు, కొన్ని పేర్లు, పొదిలి, కందుకూరు, ఖరగ్‌పూర్. అక్కది లేదు.

చందమామ సంగతీ ఇంతే. ఆ పత్రికలో దాసరివారి సీరియళ్లకు రచయిత పేరు వేసేవారు కాదు. పేరు లేకుండానే దశాబ్దాల పాటు పిల్లలు ఆయన్ను ప్రేమించారు. 2010లో ఆయన పోయారు. అభిమానుల పూనికతో ఆ కథలు పుస్తకాలుగా వచ్చాయి, సంతోషం. అదే చందమామలో నెలనెలా ఫోటో వ్యాఖ్యల పోటీ ఉండేది, గెలిచిన పాఠకుల పేరు, ఊరు వేసేవారు. రచయిత పేరు లేని పత్రికలో పాఠకుడి పేరు ఉంది! ఆ పేజీలు వరసగా పెడితే ఏ ఏ ఊళ్లకు ఆ పత్రిక వెళ్లిందో పటం గీయవచ్చు. నా చందమామల్లో ఆ పేజీ కూడా లేదు.

ఇప్పుడు చుట్టుపక్కల ఎవరైనా ఇల్లు ఖాళీ చేస్తున్నారంటే వెళ్తున్నాను. మర్రిచెట్లపాలెం నుంచి ఒకాయన అటక మీది కట్టలు ఇచ్చారు. ఒక్క పిన్ను తీయకుండా, అట్టతో సహా, ఆరు నెలల సంచికలు ఒక సంపుటంగా కుట్టిస్తున్నాను. అంచు కోయవద్దని బైండరుకు చెబితే పుస్తకం అందంగా రాదన్నాడు. రాకపోయినా ఫర్వాలేదన్నాను.

అక్క ఉత్తరం దొరకలేదు గనుక ఆమె చెబుతుంటే రాసుకుంటున్నాను. నేను వాక్యం కాస్త సర్దితే ఒప్పుకోదు. “నేనట్లా రాయలేదురా, నేను చెప్పినట్టు రాయి” అంటుంది. నాన్న సంగతి కూడా రాయమన్నది, పేరు మాత్రం వద్దన్నది.

మాచర్ల నుంచి రాసిన ఆయనకు ఇప్పుడు అరవై దాటి ఉంటాయి. పేరు మా ఇద్దరికీ గుర్తులేదు. ఎనభైల మొదట్లో పాలిటెక్నిక్ చదివి, మాయమైన మనిషి చూపు గురించి చీమకుర్తి అమ్మాయితో వాదించినవారు ఈ వ్యాసం చదివితే, లేదా ఆయన ఇంట్లోవాళ్లు చదివితే, అక్క రాసిన కార్డు ఏ పాత పుస్తకంలోనైనా ఉందేమో చూడండి. అసలు కార్డు మాకివ్వనక్కర్లేదు. రెండువైపులా ఫోటో తీసి పంపండి, పోస్టు ముద్ర కనపడేలా. ఆ ముద్ర మీద తేదీ ఉంటుంది.