మా వోడు ఆడ ఇంకో అవ్వను చూస్తడు

జూబ్లీ బస్టాండులో పొద్దున్నే ఎక్కిన బస్సు సిద్దిపేట దాటి సిరిసిల్లలో దించేసరికి పదిన్నరయింది. ఈ ఊరు కళ్లకంటే ముందు చెవులకు తెలుస్తుంది. బీవై నగర్ సందుల్లోకి తిరిగితే చాలు, టకటకా టకటకా మరమగ్గాల మోత. ఇక్కడివాళ్లు వాటిని సాంచాలంటారు. ఆ మోతలో ఎవరైనా గొంతు పెంచే మాట్లాడాలి. నేను కలిసిన ఆశా కార్యకర్త మాత్రం గొంతు తగ్గించి మాట్లాడుతోంది.

‘‘ఏ ఇంట్ల మొగోడు రాత్రి నిద్ర పోతలేడో, ఎవలు సాంచ కాడికి పోవుడు బంద్ జేసిండ్రో నాకు ఎరికైతది సారూ. నల్ల కాడ ఆడోళ్లు చెప్తరు. కని గది రాసుకునేటందుకు రిజిస్టర్ల జాగ లేదు’’ అందామె.

సిరిసిల్ల నేతన్నల ఆత్మహత్యలు 1990ల చివర్లో, 2000ల మొదట్లో రాష్ట్రమంతటినీ కలచివేశాయి. 2017లో మొదలైన బతుకమ్మ చీరల ఆర్డర్లతో కొన్నేళ్లు ఊపిరి తిరిగింది. 2024లో ఆ ఆర్డర్లు ఆగాయి. ఆ ఏడాది అవే వార్తలు మళ్లీ పేపర్లకెక్కాయి. తర్వాత మహిళా సంఘాల చీరల పని వచ్చింది. ఆర్డరుంటే ఇంట్లో పొయ్యి వెలుగుతుంది, లేకుంటే మనిషి ముడుచుకుపోతాడు. ఆ ముడుచుకుపోయిన మనిషిని ముందుగా గుర్తుపట్టేది డాక్టరు కాదు, ఈమే. నేరుగా ‘మనసు బాగలేదా’ అనడగదు. అలా అడిగితే తలుపేసుకుంటారట. బీపీ చూస్తానని లోపలికి వెళ్తుంది. పట్టీ బిగించి, కాసేపు కూర్చుని, పిల్లల చదువు గురించి అడుగుతుంది. మాట అక్కణ్నుంచి అప్పుల్లోకి దిగుతుంది. ఆత్మహత్యకు ప్రయత్నించి బతికినవారిని నేరస్తులుగా కాక, తీవ్ర ఒత్తిడిలో ఉన్నవారిగా చూడాలని 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం చెబుతోంది. 2022 నుంచి 14416 అనే టెలిమానస్ నంబరూ ఉంది. ఆ నంబరును కాగితమ్మీద రాసి గోడకు అంటించి వచ్చేదీ ఆమే.

మరి ఆమె పనికి పేరేమిటి? ఆశా అంటే సర్కారు లెక్కలో స్వచ్ఛంద సామాజిక కార్యకర్త. 2005లో గ్రామీణ ఆరోగ్య మిషన్‌తో పుట్టిన ఈ వ్యవస్థలో ఇచ్చేది జీతం కాదు, పారితోషికం. తెలంగాణలో 2022 మొదట్లో దాన్ని 7,500 నుంచి 9,750 రూపాయలకు పెంచారు. అదే ఏడాది మే నెలలో ప్రపంచ ఆరోగ్య సంస్థ మన దేశంలోని ఆశాలందరికీ అవార్డు ప్రకటించింది. మరుసటి ఏడే వాళ్లు 18,000 రూపాయల స్థిర వేతనం కోసం సమ్మెకు దిగారు. ‘సేవ’ అన్న మాట ఎంత పెద్దదో అంత ఖరీదైనది కూడా. దాని ఖర్చు చేసేవాళ్లే పెట్టుకోవాలి. మా సిరిసిల్ల అక్క రాత్రి పిల్లలు పడుకున్నాక బీడీలు చుడుతుంది.

వేములవాడలో రాజన్నకు బయటినుంచే దండం పెట్టి కోరుట్ల బస్సెక్కాను. కోడెల వరుస చూస్తే లోపలికెళ్లే ధైర్యం కలగలేదు.

కోరుట్లలో తునికాకు వాసన సందుసందునా ఉంటుంది. ఒళ్లో చాట, చేతిలో కత్తెర, పక్కన తంబాకు. అరుగుమీద కూర్చున్న అవ్వకు డెబ్బై దాటి ఉంటాయి. మోకాళ్లు వంగవు, చక్కెర జబ్బు. వేళ్లు మాత్రం ఇంకా చకచకా కదులుతున్నాయి. కొడుకు గల్ఫ్‌లో ఉన్నాడా అనడిగాను. ఈ ప్రాంతంలో అడగాల్సిన ప్రశ్నే అది.

‘‘కాదు బిడ్డా, ఇజ్రాయిల్ల. మా వోడు ఆడ ఇంకో అవ్వను చూస్తడు.’’

జగిత్యాల, నిజామాబాద్ వైపు నుంచి ఇజ్రాయెల్ వెళ్లి ముసలివాళ్లకు సంరక్షకులుగా పనిచేస్తున్న మగవాళ్లు చాలామందే ఉన్నారు. అక్కడ ఇంటి దగ్గరే వృద్ధులను చూసుకునేందుకు సాయమందించే బీమా చట్టం 1988 నుంచి అమల్లో ఉంది. స్నానం చేయించడం, అన్నం తినిపించడం, రాత్రి లేచి పక్క మార్చడం... వీటికి గంటలు లెక్కగట్టి డబ్బిస్తారు. అదే పని కోరుట్లలో చేస్తే ‘కోడలు చేయాల్సిన పని’. మగవాడు చేస్తే నలుగురూ నవ్వుతారు. ఇక్కడ తల్లి కాళ్లొత్తని కొడుకు అక్కడ పరాయి ముసలామె కాళ్లకు నూనె రాయడం నేర్చుకున్నాడు. జీతం ముట్టాక ఆ పని మగతనానికి తక్కువేమీ కాలేదన్నమాట!

అమెరికన్ సామాజికవేత్త ఆర్లీ హాక్‌షీల్డ్ 2000లో దీనికో పేరు పెట్టారు - ప్రపంచ సంరక్షణ గొలుసు. పేద దేశపు తల్లి ధనిక దేశంలో పిల్లల్ని సాకుతుంది, ఆమె పిల్లల్ని ఇంకెవరో సాకుతారు. ఆమె ఆలోచనంతా ఆడవాళ్ల చుట్టూ తిరిగింది. కోరుట్ల వచ్చుంటే ఆ గొలుసులో ఓ మీసాలాయన్నీ చూసేవారు.

ఇక ఈ చివర గొలుసు ఎవరి చేతిలో ఉంది? మళ్లీ ఆశా చేతిలోనే. నేనుండగానే వచ్చింది. చక్కెర మాత్రలు లెక్కపెట్టి, పాదాలు తిప్పి చూసి, ‘‘అవ్వా, చెప్పుల్లేకుంట నడిచినవా?’’ అని కసిరింది. అవ్వ ఫోన్ తీసి కొడుక్కి వీడియో కాల్ కలపమంది. 2023 అక్టోబరులో యుద్ధం మొదలైనప్పుడు రోజుకు నాలుగుసార్లు చేసేదట. వచ్చెయ్యమంటే అతను రాలేదు. ‘‘సైరన్ మోగితె ఆ ముసలామె నడువలేదట. ఈన్నే లేపి కూసోవెడుతడట. ఇడిసిపెట్టి ఎట్ల రావాలె అన్నడు’’ అంది. ఆ మాట చెప్తున్నప్పుడు ఆమె గొంతులో కోపమూ ఉంది, గర్వమూ ఉంది. ఏది ఎక్కువో నాకు తెలియలేదు.

కోరుట్ల నుంచి జగిత్యాలకు జాతీయ రహదారి 63 మీద అరగంట ప్రయాణం. బస్సులో నర్సింగు చదివే అమ్మాయిలు ఎక్కారు. జగిత్యాలలో 2022లో, సిరిసిల్లలో 2023లో ప్రభుత్వ వైద్య కళాశాలలు వచ్చాక ఈ రోడ్లమీద తెల్లకోట్లు పెరిగాయి. నర్సులు, టీచర్లు, సామాజిక కార్యకర్తల పనిని ఎట్జియోని అనే పండితుడు 1969లోనే ‘సగం వృత్తులు’ అన్నాడు. చదువుంది, నైపుణ్యముంది, కానీ నిర్ణయం మాత్రం పైవాళ్లది. దీన్ని మార్చే ప్రయత్నమొకటి పక్కనే కరీంనగర్‌లో జరిగింది. 2017లో అక్కడ 30 మంది నర్సులకు 18 నెలల మిడ్‌వైఫరీ శిక్షణ మొదలుపెట్టారు. సాధారణ కాన్పును వాళ్లే సొంతంగా చేయాలన్నది ఉద్దేశం. అవసరమెంతో చెప్పడానికి ఒక్క అంకె చాలు. 2019-20 నాటి జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో తెలంగాణ కాన్పుల్లో నూటికి 60.7 సిజేరియన్లే. మంత్రసానిని పక్కకు పంపేశాం, మళ్లీ యూనిఫాం వేసి పిలుస్తున్నాం.

కిటికీ పక్కనున్న అమ్మాయి చేతిలో జర్మన్ భాష పుస్తకం. రాష్ట్ర ప్రభుత్వ సంస్థ టామ్‌కామ్ నర్సులను జర్మనీకి పంపుతోంది కదా, అందుకు తయారవుతోందట. ఇంట్లో ఏమంటున్నారన్నాను.

‘‘నాన దుబాయ్ల ఉన్నడు సార్, పొమ్మంటుండు. అమ్మ ఒద్దంటది. నానమ్మకు పక్షవాతం. ఇప్పుడైతే నేనే చూస్త.’’

కొత్త బస్టాండు రాకముందే లేచి నిలబడింది. మందుల షాపు మూసేస్తారేమోనని ఆమె తొందర.