గెలుపునకు సాక్ష్యము

ఆటలో విజయము క్షణికము. దానికి సాక్ష్యము కావలెను. 1982లో అమెరికాలోని యాక్టివిజన్ సంస్థ ‘పిట్‌ఫాల్’ అను వీడియో ఆటను వెలువరించెను. అందు 20,000 పాయింట్లు సాధించినవారు టెలివిజన్ తెరను ఫోటో తీసి పంపినచో, దుస్తులపై కుట్టుకొను బిళ్ళను ఆ సంస్థ బహూకరించెడిది. చేయి వణికినచో ఫోటో చెడును. ఫిల్ము కడిగించువరకు ఆ సంగతి తెలియదు.

నేడు యంత్రమే తన తెరను చిత్రించుకొనును. దీనినే స్క్రీన్‌షాట్ అందురు. విండోస్ కంప్యూటరులో విండోస్ మీటతోపాటు ప్రింట్‌స్క్రీన్ మీటను నొక్కవలెను. నింటెండో స్విచ్ యంత్రమునకు ఎడమచేతి పిడిపై ఇందుకై చదరపు మీట కలదు. పెక్కు ఆండ్రాయిడ్ ఫోనులలో పవర్ మీటను, ధ్వనిని తగ్గించు మీటను ఒకేసారి నొక్కిన చాలును.

అయినను, ఆట మొదలిడకమునుపే ఒకసారి నొక్కి చూచుకొనుట మేలు. గెలిచిన పిదప మీటను వెదకువానికి తన మాట తప్ప వేరు సాక్ష్యము మిగులదు.