మన తరఫు వకీలు

మన గూడేల్లో ఎవరిమీదైనా దాడి జరిగి అట్రాసిటీ కేసు పెడితే, కోర్టులో మన తరఫున వాదించేది మనం కుదుర్చుకున్న వకీలు కాదు. ప్రభుత్వం పెట్టిన పబ్లిక్ ప్రాసిక్యూటర్. అందరూ పీపీ గారు అనేది ఆయన్నే. వాయిదాకి వెళ్లిన మనవాళ్లకు చాలాసార్లు ఆయన మొహం కూడా తెలియదు. సాక్ష్యం చెప్పాల్సిన రోజు పొద్దున కోర్టు వరండాలో రెండు ముక్కలు మాట్లాడితే అదే గొప్ప. నిందితులకు మాత్రం వాళ్లు ఏరికోరి పెట్టుకున్న వకీలు ఉంటాడు. పీపీని పెట్టేది సర్కారు కదా, మధ్యలో మనమెవరం అనుకుంటాం.

చట్టం అలా అనుకోలేదు. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం 1989లో వచ్చింది, దాని నియమాలు 1995లో వచ్చాయి. 4వ నియమం 5వ ఉపనియమం ప్రకారం బాధితులు కోరుకుంటే కలెక్టరు గానీ సబ్ డివిజనల్ మేజిస్ట్రేటు గానీ పేరున్న సీనియర్ న్యాయవాదిని ప్రత్యేక కోర్టులో కేసు నడపడానికి పెట్టవచ్చు. ఆయన ఫీజు కూడా మనం కట్టక్కర్లేదు. ‘పెట్టవచ్చు’ అన్నారే గానీ ‘పెట్టి తీరాలి’ అనలేదు, నిజమే. అందుకే అడగనివాళ్లకు ఎవరూ తెచ్చి ఇవ్వరు.

అడిగితే ఏమవుతుందో కేరళలో ఒక ఆదివాసీ తల్లి చూపించింది. పాలక్కాడ్ జిల్లా అట్టప్పాడిలో 2018 ఫిబ్రవరి 22న మధు అనే ఆదివాసీ యువకుణ్ణి దుకాణాల్లో బియ్యం దొంగిలించాడని చేతులు కట్టి కొట్టారు. పక్కన నిలబడి సెల్ఫీలు కూడా తీసుకున్నారు. పోలీసు జీపులో ఆసుపత్రికి తీసుకెళ్తుండగా ప్రాణం పోయింది. దేశమంతా చూసిన కేసు అది. అయినా ప్రత్యేక ప్రాసిక్యూటర్లు ఒకరి తర్వాత ఒకరు మారారు. 2022 జనవరిలో కేసు పిలిచినప్పుడు మధు తరఫున నిలబడే వకీలే లేడు, ప్రాసిక్యూటర్ ఎక్కడని కోర్టే అడగాల్సి వచ్చింది. ఆ తర్వాత కొత్తవారిని పెట్టారు. విచారణ మొదలయ్యాక సాక్షులు ఒక్కొక్కరే మాట మార్చారు. వాదన సరిగా సాగడం లేదు, ఈ ప్రాసిక్యూటర్ మాకు వద్దు అని తల్లి హైకోర్టుకు వెళ్లింది. ఆయన తప్పుకున్నారు. కుటుంబానికి నమ్మకమున్న అదనపు ప్రాసిక్యూటర్ చేతికి కేసు వచ్చింది. సాక్షులను ప్రభావితం చేశారని ఆ ఆగస్టులోనే విచారణ కోర్టు 12 మంది బెయిలు రద్దు చేసింది. 2023 ఏప్రిల్ 4న 16 మందిలో 14 మందిని దోషులుగా తేల్చింది. 13 మందికి ఏడేళ్ల శిక్ష పడింది. ఒక ప్రాణానికి ఏడేళ్లు చాలా అంటే, చాలవనే మేమంటాం.

దానికి రెండు రోజుల తర్వాత, ఏప్రిల్ 6న, విశాఖపట్నంలో వాకపల్లి తీర్పు వచ్చింది. జి.మాడుగుల మండలం వాకపల్లిలో 2007 ఆగస్టు 20న గ్రేహౌండ్స్ పోలీసులు తమపై అత్యాచారం చేశారని 11 మంది కోందు ఆడబిడ్డలు చెప్పారు. పదిహేనేళ్లు దాటాక నిందితులందరూ నిర్దోషులయ్యారు. దర్యాప్తు అధికారుల వైఫల్యాన్ని కోర్టే ఎత్తిచూపింది, బాధితులకు పరిహారం ఇవ్వమంది. కాబట్టి మంచి వకీలు దొరికితే చాలని మేం అనడం లేదు. మొదటి రోజుల్లో పోగుచేయని సాక్ష్యాన్ని ఏ వకీలూ తర్వాత పుట్టించలేడు. వకీలు గురించి విచారణ రోజున కాదు, ఎఫ్ఐఆర్ అయిన వారంలోనే ఆలోచించాలనడానికి కారణం అదే.

2016 జనవరి 26 నుంచి అమల్లోకి వచ్చిన 15ఏ సెక్షను ఇంకో పట్టు ఇచ్చింది. నిందితుడి బెయిలు విచారణ ఎప్పుడో బాధితులకు ముందే చెప్పాలి, వాళ్ల మాట వినాలి. ఇది తప్పనిసరి అని 2021లో సుప్రీంకోర్టు చెప్పింది. కోర్టు అనుమతితో మనం సొంత వకీలును పీపీకి సాయంగా కూడా పెట్టుకోవచ్చు. అయితే కేసు పగ్గాలు పీపీ చేతిలోనే ఉంటాయి.

దరఖాస్తు రాయడం కష్టం కాదు, ఒక పేజీ చాలు. స్టేషను పేరు, ఎఫ్ఐఆర్ నంబరు, సెక్షన్లు రాయాలి. 4(5) నియమం కింద కోరుతున్నామని స్పష్టంగా చెప్పాలి. కేసు నడపడానికి ఒప్పుకున్న న్యాయవాది పేరు, ఆయన ఎందుకు కావాలో రాయాలి. కలెక్టరాఫీసులో ఇచ్చి, నకలు మీద ముద్ర, తేదీ వేయించుకోవాలి. ఇంటర్ చదివిన మన పిల్లలు, బడిలో పంతుళ్లు ఈ పని చేయగలరు. బాధితురాలు కువి మాత్రమే మాట్లాడే తల్లి అయితే, వేలిముద్ర వేయించే ముందు కాగితంలో ఏముందో ఆమెకు ఆమె భాషలోనే చెప్పి, ఆ వకీలు ఆమెకు ఇష్టమో కాదో అడగాలి.