సగం ఆట

మనవాళ్ళకి బ్యాడ్మింటన్ అంటే సింగిల్సే. ప్రకాశ్ పదుకొనే 1980లో, గోపీచంద్ 2001లో ఆల్ ఇంగ్లండ్ గెలిచింది అందులోనే. సైనా, సింధు ఒలింపిక్ పతకాలు తెచ్చిందీ అందులోనే. డబుల్సంటే ఒంటరిగా నెగ్గుకు రాలేనివాళ్ళ ఆటని చాలాకాలం ఓ చిన్నచూపు.

మా ద్రాక్షారామంలో పక్కింటి వదినగారిదీ అదే బాధ. "పదమూడేళ్ళవాణ్ణి హైదరాబాదు హాస్టల్లో పడేయాలిట. అదీ డబుల్స్ కోసంట! సగం ఆట ఆడి ఏం బావుకుంటాడండీ?"

అప్పుడు సాత్విక్ సాయిరాజ్ సంగతి ఎత్తాను. రంకిరెడ్డి వారబ్బాయి, ఊరు అమలాపురం. కోటిపల్లి రేవులో పంటెక్కి గోదారి దాటితే ఆ వైపే. తండ్రి వ్యాయామోపాధ్యాయులు. కుర్రాడు 2014లో గోపీచంద్ అకాడమీలో చేరాడు. అప్పటికి వాడికీ పదమూడు, పద్నాలుగేళ్ళే. తర్వాత మలేషియా కోచ్ టాన్ కిమ్ హెర్, అతన్నీ ముంబయి అబ్బాయి చిరాగ్ శెట్టినీ జత చేశాడు. ఇద్దరూ వెనకనించి బాదేవాళ్ళే! ఒకరు వల ముందుకి జరగడం నేర్చుకోవాలిగా? కొత్త కాపరంలో ఎవరు సర్దుకోవాలన్న తగవులాంటిదే లెండి.

టోక్యో ఒలింపిక్స్ 2021లో జరిగాయి. గ్రూపులో మూడు ఆటలాడి రెండు గెలిచారు. అందులో ఒకటి తైవాన్ జంట లీ యాంగ్, వాంగ్ చీ లిన్ మీద. ఆఖరి గేము 27-25 దాకా సాగింది. తీరా చూస్తే మూడు జంటలకి రెండేసి గెలుపులు. గేముల లెక్క తీసి మనవాళ్ళని ఇంటికి పంపేశారు. వీళ్ళ చేతిలో ఓడిన ఆ తైవాన్ జంటే చివరికి బంగారు పతకం పట్టుకుపోయింది! ఈ లెక్క నాకు ఇప్పటికీ మింగుడు పడదు.

ఆ తర్వాత కలిసొచ్చింది. 2022లో భారత జట్టుకి మొదటిసారి థామస్ కప్పు. 2023లో ఆసియా క్రీడల స్వర్ణం, ప్రపంచ ప్రథమ స్థానం. అదే ఏడు ఏప్రిల్‌లో జపాన్‌లో సాత్విక్ కొట్టిన దెబ్బ కొలిచారు: గంటకి 565 కిలోమీటర్లు. షటిల్ బరువు అయిదు గ్రాములు, పదహారు ఈకలు. కాసు బంగారం కన్నా తేలిక. మా ఊరి బస్సు సంగతి ఇక్కడ ఎత్తకపోవడమే మర్యాద.

"అయితే ఆ పతకంలో మనవాడి వాటా సగమేనా?" అన్నారు వదినగారు.

"లేదండీ, ఎవరి మెళ్ళో పతకం వాళ్ళకే. నిండుగా."

ఆవిడ నవ్వారు గాని పెట్టె సర్దుతానని మాత్రం అనలేదు. నేనూ పంపమని చెప్పలేదు. పరాయివాళ్ళ పిల్లల విషయంలో ధైర్యం చెప్పడం మహా సులువు.

పారిస్ ఒలింపిక్స్‌లో, 2024లో, మలేషియా జంట ఆరన్ చియా, సో వూయి యిక్ చేతిలో క్వార్టర్ ఫైనల్లో ఓడారు. 2025 ఫిబ్రవరిలో సాత్విక్ తండ్రి పోయారు. ఆ ఆగస్టులో ప్రపంచ పోటీలు మళ్ళీ పారిస్‌లోనే. క్వార్టర్ ఫైనల్లో ఎదురుపడింది మళ్ళీ ఆ మలేషియా జంటే. ఈసారి మూడో గేముకి పోనివ్వకుండా, రెండింటిలోనే గెలిచారు.